ఇరవై మీద ఇరవై

రాయితీ శాతం లెక్కకట్టుకోవడం సామాన్య ప్రజల వల్ల అయ్యే పని కాదని పైవారు కనిపెట్టిన ఏడాదే, మా కోటిలంకలో కుడుపూడి మంగాయమ్మ గ్రైండరు పాడైపోయింది. ఈ రెండు సంగతులకూ అప్పటికి ఏ సంబంధమూ లేదు. సంబంధం తర్వాత కలిగింది.

మంగాయమ్మది బస్టాండు వెనక ఇడ్లీ బండి. ఆవిడ ఇడ్లీ తిని ఆఫీసులకు వెళ్ళినవాళ్ళు మధ్యాహ్నం దాకా ఎవరినీ కసురుకోరని ఊళ్ళో పేరు. అలాంటిది ఒక ఉదయం గ్రైండరు మోటారు కాలి కమురు వాసన వేసింది. బాగుచేసేవాడు దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి, "ఇంక దీన్ని ఇబ్బంది పెట్టకండమ్మా" అన్నాడు. ఆ రోజు నుంచి మంగాయమ్మ పెరట్లో రుబ్బురోలు ముందు కూచుంది. వారం తిరక్కుండా కుడిచెయ్యి జడ వేసుకోవడానికి కూడా పైకి లేవడం మానేసింది.

సరిగ్గా అప్పుడే ఆడపిల్లల కాలేజీ హాస్టలు నుంచి కబురొచ్చింది. వచ్చే నెల మొదలుకొని పిల్లలందరికీ పొద్దుటి టిఫిను ఆవిడే పంపాలి. ప్యాకెట్ పిండి పనికిరాదు, ఏ రోజుకారోజు రుబ్బిన పిండే కావాలి. బండి పెట్టినప్పటి నుంచి మంగాయమ్మ ఎదురుచూసిన అవకాశం అది. రోలుతో అయ్యే పని మాత్రం కాదు.

"అమ్మకానికి నాకున్నది ఆటో ఒక్కటే. అమ్మేద్దామా?" అన్నాడు ఆటో నడిపే మొగుడు సూరిబాబు.

"ఆటో అమ్మేత్తే హాస్టలుకి ఇడ్లీలు నెత్తినెట్టుకుని మోత్తావా?" అంది మంగాయమ్మ. "వీర్రాజు గారి కొట్లో ఆషాఢం సేలంట. ఇరవై మీద ఇరవై తగ్గింపంట. రేపెల్లి తెచ్చుకుందాం."

ఇక్కడ ఆ మొదటి సంగతి చెప్పాలి.

రాజధానిలో వినియోగదారుల హిత పర్యవేక్షణ మండలి అని ఒకటుండేది. దానికి డైరెక్టరు పరాంకుశం గారు. రెండు ఎమ్మేలు, ఒక డాక్టరేటు ఉన్న మనిషి. ఆయన ఒక సాయంత్రం బట్టల షాపులో సూటు గుడ్డ తీసుకున్నారు. బోర్డు మీద '20% + 20%' అని ఉంది. ఆయన మనసులో నలభై తీసేసి డబ్బులు పట్టుకుని నిలబడ్డారు. బిల్లులో మాత్రం ముప్పై ఆరే తగ్గింది. కౌంటరు దగ్గరి అమ్మాయి ఎంతో మర్యాదగా, "సార్, మొదటి ఇరవై మొత్తం మీద. రెండో ఇరవై మిగిలినదాని మీద" అని క్యాలిక్యులేటరు నొక్కి చూపించింది. వెనక వరసలో ఎవరో నవ్వారు.

పరాంకుశం గారు ఆ రాత్రి భోజనం చెయ్యలేదు. తనంతటివాడికే అర్థం కానిది సామాన్యుడికి ఏం అర్థమవుతుందని ఆయనకు సామాన్యుడి మీద పట్టరానంత జాలి కలిగింది. మర్నాడే సర్క్యులరు వెలువడింది.

"ఇందుమూలముగా తెలియజేయడమేమనగా, శాతము అనునది సున్నితమైన అంశమగుటచేతను, దానిని అర్హత లేని వ్యక్తులు బహిరంగముగా గణించుటవలన ప్రజలలో గందరగోళము ఏర్పడుచున్నందునను, రాయితీపై విక్రయింపబడు ప్రతి వస్తువును శాత నిర్ధారణ కేంద్రమునకు తరలించి, సదరు కేంద్రపు అధికారి ధ్రువీకరించిన పిమ్మట మాత్రమే కొనుగోలుదారుకు అప్పగించవలెను."

కోటిలంక కేంద్రానికి పాత పశువుల ఆసుపత్రి భవనం ఇచ్చారు. ఆవులకు సూది వేసేటప్పుడు కదలకుండా నిలబెట్టే ఇనప చట్రం హాల్లో అలాగే ఉండిపోయింది. శాత నిర్ధారణాధికారిగా వచ్చిన నిడమర్తి సర్వోత్తమరావు గారు దానికి ఎదురుగా కుర్చీ వేయించుకున్నారు. వచ్చిన జనం ఒక్కొక్కరే ఆ చట్రంలోకి వచ్చి నిలబడి చెప్పుకుంటే క్రమశిక్షణగా ఉంటుందని ఆయనకు తోచింది.

మంగాయమ్మ, సూరిబాబు వీర్రాజు కొట్టుకు వెళ్ళి గ్రైండరు చూసుకున్నారు. పదివేల ధర. తగ్గింపులు పోను ఆరువేల నాలుగు వందలు. మంగాయమ్మ కొంగు ముడి విప్పి డబ్బు ఇచ్చేసింది. సూరిబాబు గ్రైండరు ఎత్తబోతే వీర్రాజు రెండు చేతులూ అడ్డం పెట్టాడు.

"ఇంటికి కాదు బావా. సెంటరుకి."

"ఏ సెంటరు?"

"పశువులాసుపత్రికి."

"గ్రైండరుకేమైందండి?" అంది మంగాయమ్మ కంగారుగా.

"దానికేం కాలేదు అక్కా. దాని మీదున్న రాయితీకయ్యింది. నువ్విచ్చిన డబ్బు సరిగ్గా ఉందో లేదో ఆయన చూసి సంతకం పెట్టాలంట. అందాకా వస్తువు ఆయన దగ్గరుండాలంట. ఆటో కిరాయి మనదే."

"ఆటో ఈయనదే లెండి" అంది మంగాయమ్మ.

సర్వోత్తమరావు గారు గ్రైండరును చూశారు. తర్వాత చట్రంలో నిలబడ్డ మంగాయమ్మను చూశారు.

"వస్తువు?"

"గ్రైండరండి."

"మూల ధర?"

"పదేలండి. తగ్గింపు పోను ఆరేల నాలుగొంద..."

"ఆగండి." ఆయన చెయ్యెత్తారు. "మీరు ఫలితాన్ని ఉచ్చరించకూడదు. అర్హత లేని గణన కిందికి వస్తుంది. ఈసారికి వినలేదనుకుంటాను."

"పోనీ మీరే చెప్పండి."

"నేనూ చెప్పకూడదు. యంత్రం చెప్పాలి. నేను ధ్రువీకరించాలి."

యంత్రం బల్ల మీదే ఉంది. అద్దాల పెట్టెలో, పైన లక్క సీలుతో. చిన్న క్యాలిక్యులేటరు.

"మరి తీసి నొక్కండి సార్" అన్నాడు సూరిబాబు.

సర్వోత్తమరావు గారు నిట్టూర్చారు. ఆ నిట్టూర్పు ఆఫీసుది కాదు, సొంతం.

"ఈ యంత్రాన్ని కేంద్రం వారు పది శాతం రాయితీపై కొన్నారు. రాయితీపై కొన్న వస్తువును ధ్రువీకరణ పూర్తికాకుండా వాడరాదని ఆడిట్ వారి అభ్యంతరం. దీని రాయితీని ధ్రువీకరించాలంటే యంత్రం కావాలి. ఉన్న యంత్రం ఇదే. విషయం పై అధికారుల పరిశీలనలో ఉంది."

సూరిబాబు కాసేపు ఆలోచించాడు. "వేళ్ళ మీద లెక్కెట్టుకోవచ్చు కదండి?"

"వేళ్ళు ఆమోదిత పరికరాలలో లేవు" అన్నారు సర్వోత్తమరావు గారు.

గ్రైండరును చట్రం పక్కన ఇనప కమ్మీకి గొలుసుతో కట్టి, మెడలో అట్టముక్క తగిలించారు. మంగాయమ్మ గుమ్మం దాటుతూ రెండుసార్లు వెనక్కి తిరిగి చూసింది, పిల్లని బళ్ళో వదిలి వస్తున్నట్టు.

పై అధికారుల పరిశీలన త్వరగానే ముగిసింది. అసలు ధర పూర్తిగా చెల్లించి, ఒక్క పైసా కూడా తగ్గించుకోకుండా, కొత్త క్యాలిక్యులేటరు కొని పంపించారు. కబురు తెలిసి మంగాయమ్మ పరుగెత్తుకు వచ్చింది. సర్వోత్తమరావు గారు కళ్ళజోడు తుడుచుకుని, మీటలు ఒక్కొక్కటే నొక్కారు. యంత్రం ముప్పై ఆరు అంది.

మంగాయమ్మ మొహం విప్పారింది. సర్వోత్తమరావు గారి మొహం ముడుచుకుంది.

"ఏవైందండి? సరిపోయింది కదా!"

"యంత్రానికి సరిపోయింది" అన్నారాయన గొంతు తగ్గించి. "ఈ కేంద్రం పుట్టిందే డైరెక్టరు గారి నలభై మీద. ముప్పై ఆరని నేను సంతకం చేస్తే, ఆ రోజు బట్టల షాపులో ఆయన తప్పు, కౌంటరు పిల్లది ఒప్పు అని నేను రాతపూర్వకంగా ఒప్పుకున్నట్టు. నాకింకా పదకొండేళ్ళ సర్వీసుందమ్మా."

"నాకింక పది రోజులే ఉందండి, హాస్టలుకి" అంది మంగాయమ్మ.

ఆయన కాగితం ముందుకు లాక్కున్నారు. యంత్రానికీ డైరెక్టరు గారికీ మధ్య అభిప్రాయ భేదం ఏర్పడినందున తగు మార్గదర్శనం చేయవలసిందిగా పైకి రాశారు.

పైనుంచి మార్గదర్శనం కారులో వచ్చింది. త్రిసభ్య సంఘం. ఒకరు లెక్కల ప్రొఫెసరు, ఒకరు భాషా పండితులు, ఒకరు ఆర్థిక సలహాదారు. హాల్లో గ్రైండరుకు ఎదురుగా బెంచీలు వేశారు. ఊరంతా కిటికీల దగ్గర చేరింది.

ప్రొఫెసరు గారు గోడ మీద బొగ్గుతో రాసి మరీ చూపించారు. నూట్లో ఇరవై పోతే ఎనభై, ఎనభైలో ఇరవై శాతం పదహారు, వెరసి ముప్పై ఆరు. "ఇది ఏడో తరగతి లెక్క. దీనికి సంఘం ఎందుకు?" అన్నారు. అలా అన్నందుకు ఆయనకు కాఫీ చివర్లో ఇచ్చారు.

భాషా పండితులు గొంతు సవరించుకున్నారు. "రెండంకెల నడుమ ఉన్న చిహ్నమేది? కూడిక. కూడిక చిహ్నాన్ని బోర్డు మీద పెట్టి, లోపల కూర్చుని తీసివేతలు చేయడం భాషకు ద్రోహం తలపెట్టడమే. చదువరి హృదయం నలభై అంటుంది. హృదయాన్ని కాదనే గణితం మనకు వద్దు."

కిటికీల దగ్గర కొందరు చప్పట్లు కొట్టారు. ప్రొఫెసరు గారు బొగ్గు కింద పారేశారు.

ఆర్థిక సలహాదారు చాలా అనుభవజ్ఞులు. జీవితంలో ఎవరినీ నొప్పించని మనిషి. "ఇద్దరు పెద్దలూ చెప్పింది బాగుంది" అన్నారు. "ఒకరు ముప్పై ఆరన్నారు. ఒకరు నలభై అన్నారు. పంతాలకు పోకుండా, మధ్యేమార్గంగా, ముప్పై ఎనిమిది అనుకుంటే ఎవరి గౌరవానికీ భంగం ఉండదు."

ముప్పై ఎనిమిది ఆమోదం పొందింది. ఇకమీదట రాష్ట్రమంతటా ఇరవైకి ఇరవై కలిపితే ముప్పై ఎనిమిదేనని తీర్మానించి, సంఘం కారెక్కింది. వెళ్ళేటప్పుడు తీర్మానం అచ్చయి, ముద్రలు పడి, ధ్రువపత్రంగా రావడానికి కొంత సమయం పడుతుందని, అందాకా గ్రైండరు కదలకూడదని చెప్పి వెళ్ళారు.

వీర్రాజు తల పట్టుకున్నాడు. తీర్మానం ప్రకారం అతను మంగాయమ్మకు రెండు వందలు వెనక్కివ్వాలి. ఇచ్చేశాడు, కాని ఆ సాయంత్రమే నిచ్చెన వేసుకుని కొట్టు పైకెక్కి సేలు బోర్డు పీకేశాడు. దాని బదులు 'ఏ వస్తువు మీదా ఏ రాయితీ లేదు' అని ఇంకో బోర్డు పెట్టాడు. బజారంతా అతన్ని చూసి అదే పని చేసింది. రాయితీ లేకపోతే శాతం ఉండదు, శాతం లేకపోతే సర్వోత్తమరావు గారు ఉండరు అని అందరూ సంబరపడ్డారు.

అలా సంబరపడటం తొందరపాటయింది. రెండో సర్క్యులరు వచ్చింది.

"రాయితీ లేదు అనగా రాయితీ సున్నా శాతము అని అర్థము. సున్నాయు ఒక సంఖ్యయే. కనుక సున్నా శాతపు రాయితీపై విక్రయింపబడు సకల వస్తువులును ధ్రువీకరణకు లోబడియే ఉండును."

మర్నాటి నుంచి ఊళ్ళో అగ్గిపెట్టె కొన్నవాడు కూడా పశువుల ఆసుపత్రికి వెళ్ళవలసి వచ్చింది. ఉప్పు, ఉల్లిపాయలు, చీపుళ్ళు, టార్చిలైటు బ్యాటరీలు పట్టుకుని జనం చట్రం లోపలికి ఒక్కొక్కరే వచ్చి నిలబడేవారు. సర్వోత్తమరావు గారు ప్రతి వస్తువుకూ యంత్రంలో సున్నా కొట్టి, వచ్చిన సున్నాను పరిశీలించి, "సున్నా ధ్రువీకరించడమైనది" అని సంతకం చేసేవారు. చేపల సావిత్రి ఒకరోజు బుట్టతో సహా వచ్చి, "బాబూ, మీ సున్నా వచ్చేలోగా నా చేపలు సున్నా అయిపోతన్నాయి" అని అరిచింది. చేపలకు ప్రాధాన్యం ఇవ్వాలని ఆయన పైకి రాశారు. చేప అంటే ఏమిటో నిర్వచించమని పైవారు తిరిగి రాశారు.

ఇన్ని బాధ్యతల మధ్యా ఆయన ఒక్క అలవాటు మానుకోలేదు. రోజూ పొద్దున్నే మంగాయమ్మ బండి దగ్గర ఇడ్లీ తినేవారు. కాపురం రాజమండ్రిలో ఉండటం వల్ల ఆయనకు ఊళ్ళో దిక్కు ఆ బండే. ఒకనాడు మూడిడ్లీల ప్లేటులో మంగాయమ్మ అలవాటుగా నాలుగోది వేసింది.

"ఇదేమిటి?" అన్నారాయన.

"కొసరండి. తినండి."

ఆయన చేతిలో ముక్క చట్నీలోనే ఆగిపోయింది. "కొసరు అంటే... రాయితీ."

"కొసరంటే కొసరేనండి!"

"మూడింటి ధరకు నాలుగిస్తున్నారు. నాలుగింటిలో ఒకటి ఉచితం అంటే ఇరవై అయిదు శాతం. కాదు, మూడింటి మీద ఒకటి అంటే ముప్పై మూడు పైచిలుకు." ఆయన నుదుటికి చెమటపట్టింది. "ఇది నేను చూడకుండా ఉండవలసింది. చూశాను కాబట్టి రాయాలి."

రాశారు. సంఘం ఈసారి ఊరికి రాకుండానే, రాజధానిలో కూర్చునే, కొసరు ఇరవై తొమ్మిది శాతమని తేల్చింది. ధ్రువీకరణ లేకుండా కొసరు వేయరాదని మంగాయమ్మకు తాఖీదు వచ్చింది.

ఇంతలో రోలు తన పని తాను చేసుకుపోయింది. మంగాయమ్మ కుడిచెయ్యి వాచింది. ఎడమ చేత్తో రుబ్బితే పిండి గరుకు తేలింది. గిరాకీ పలచబడింది. ఒక ఉదయం ఆవిడ రోలు ముందు కూచుని, పొత్రం మీద చెయ్యి వేసి, తిప్పలేక, అలాగే ఏడుస్తూ ఉండిపోయింది. ఆ రోజు బండి తియ్యలేదు.

సర్వోత్తమరావు గారు ఖాళీ స్థలం ముందు కాసేపు నిలబడి, పస్తుతోనే ఆఫీసుకు వెళ్ళారు. పదకొండు గంటలకు మంగాయమ్మ వరసను తోసుకుంటూ లోపలికి వచ్చింది. చట్రంలోకి వెళ్ళలేదు. తిన్నగా బల్ల దగ్గరికే వచ్చింది.

"సార్, ఎల్లుండి ఒకటో తారీకు. హాస్టలు వార్డెనమ్మ ఇంకొకళ్ళని చూసుకుంటానని కబురెట్టేరు. నా గ్రైండరు నాకియ్యరు. నా డబ్బు వీర్రాజు దగ్గరుంది. నా చెయ్యి ఇలా ఉంది, చూడండి." వాచిన చెయ్యి బల్ల మీద పెట్టింది. "మీరు రోజూ తిన్నది ఈ చేత్తో రుబ్బిందే కదండి. దీన్నెంత శాతం వాడేత్తే మీకు సరిపోద్దో చెప్పండి."

సర్వోత్తమరావు గారు ఆ చేతి వంక చాలాసేపు చూశారు. ఆయన చెడ్డవారు కాదు. ఇరవై ఏళ్ళుగా నిబంధనల మధ్య బతికినవారు, అంతే. ఆయనకు తెలిసిన దయ కూడా నిబంధనల్లోనే ఎక్కడో ఉండాలి. సొరుగులోంచి సర్క్యులరు తీసి మొదటి నుంచీ చదవడం మొదలుపెట్టారు. చదువుతూ చదువుతూ ఒకచోట ఆగారు.

"పందొమ్మిదో నిబంధన" అన్నారు నెమ్మదిగా. "కేంద్రపు అధీనమందున్న విద్యుత్ పరికరములు పాడవకుండుటకై యజమాని వాటిని అప్పుడప్పుడు నడిపి చూచుకొనవచ్చును."

మంగాయమ్మ కళ్ళు తుడుచుకుంది. "అప్పుడప్పుడంటే ఎప్పుడెప్పుడండి?"

"నిర్వచించలేదు."

"రోజూ తెల్లారుగట్ట అయితే?"

"నిషేధించలేదు."

"పప్పేసి తిప్పచ్చా అండి?"

ఆయన ఆలోచించారు. "ఖాళీగా తిప్పితే రాయికి రాయి తగిలి అరిగే ప్రమాదముంది. కనుక పప్పు వేయడం వస్తు పరిరక్షణ కిందికే వస్తుంది."

"మరి పిండండి?"

"పిండి ఉప ఉత్పత్తి. దాని మీద కేంద్రానికి ఏ హక్కూ లేదు. తీసుకుపోవచ్చు." ఆగి, గొంతు బాగా తగ్గించి, "లేదా పిండి సరిగ్గా నలిగిందో లేదో ఇక్కడే వరండాలో ఉడికించి పరీక్షించుకోవచ్చు" అన్నారు.

మర్నాడు తెల్లవారేసరికి శాత నిర్ధారణ కేంద్రంలో గ్రైండరు తిరిగింది. గొలుసు తియ్యలేదు, నిబంధన ప్రకారం తియ్యకూడదు. గొలుసుతోనే తిరిగింది. వరండాలో ఇడ్లీపాత్ర పొగలు కక్కింది. ఒకటో తారీకున సూరిబాబు ఆటోలో హాస్టలుకు మొదటి విడత వెళ్ళింది. పిల్లలు రెండోసారి అడిగి వడ్డించుకున్నారని వార్డెనమ్మ ఫోను చేసి చెప్పింది.

ఇక వరస సంగతి. ఇదివరకు ఉల్లిపాయల మీద సున్నా వేయించుకోవడానికి తిట్టుకుంటూ నిలబడే జనం, ఇప్పుడు చేతిలో ప్లేటు పట్టుకుని నిలబడ్డారు. కొందరు ఏమీ కొనకుండానే వరసలోకి రావడం మొదలుపెట్టారు. వట్టి చేతులతో రావడం బాగుండదని అగ్గిపెట్టె ఒకటి తెచ్చుకునేవారు. ఒకే అగ్గిపెట్టె నెల్లాళ్ళు తెచ్చిన మనిషి కూడా ఉన్నాడు. సర్వోత్తమరావు గారు దాన్ని ప్రతిరోజూ కొత్తగానే ధ్రువీకరించారు.

ఇటు ఇలా ఉండగా, రాజధానిలో పరాంకుశం గారికి గడ్డురోజులొచ్చాయి. రాష్ట్రంలో మిగతా కేంద్రాలన్నీ ఈగలు తోలుకుంటున్నాయి. జనం పక్క రాష్ట్రానికి పోయి సరుకులు తెచ్చుకుంటున్నారు, లేదా దొంగచాటుగా కొనుక్కుంటున్నారు. మండలిని ఎత్తేద్దామని ఆర్థిక శాఖ ఫైలు కదిపింది. ఆయన లెక్కలు తెప్పించి చూస్తే, ఒక్క కోటిలంకలో మాత్రం రోజుకు వెయ్యి మంది! ఆయన నమ్మలేదు. చెప్పకుండా తనిఖీకి బయల్దేరారు.

కారు ఆసుపత్రి ముందు ఆగేసరికి ఏడు కావస్తోంది. వరస గేటు దాటి, రోడ్డు దాటి, పోస్టాఫీసు దాకా ఉంది. సర్వోత్తమరావు గారు కిటికీలోంచి కారును చూసి కుర్చీలో కూలబడ్డారు. "మంగాయమ్మగారూ, పాత్ర దాచండి" అన్నారు.

"వాయ మధ్యలో ఉందండి. ఇప్పుడు దించితే పచ్చిగా ఉంటాయి" అంది మంగాయమ్మ. పాత్ర పొయ్యి మీదే ఉంచింది.

పరాంకుశం గారు వరస చివర నిలబడ్డ ముసలాయన దగ్గర ఆగారు.

"పెద్దాయనా, ఎంత సేపటి నుంచి నిలబడ్డారు?"

"చీకటితోటే వచ్చేనండి."

"ఎవరైనా బలవంతం చేశారా?"

"ఎవరు చేత్తారండి? రోజూ వత్తాను. ఇదొక్క పూట లేకపోతే నాకు రోజు గడవదండి."

పరాంకుశం గారు ముసలాయన భుజం తట్టారు. ముందుకు నడిచి ఒక నడివయసు ఆవిడను అడిగారు. ఆవిడ నోరు నిండుగా ఉండటం వల్ల రెండు చేతులూ ఎత్తి దణ్ణం పెట్టింది. ఆయన కళ్ళజోడు తీసి కళ్ళు ఒత్తుకున్నారు.

"సర్వోత్తమరావ్" అన్నారు లోపలికి వచ్చి. "శాతం పట్ల ప్రజల్లో ఇంత దాహం ఉందని నేను కలలో కూడా అనుకోలేదయ్యా."

"ఉందండి" అన్నారు సర్వోత్తమరావు గారు గోడ పట్టుకుని.

"వరండాలో ఆ పొగ ఏమిటి?"

"పందొమ్మిదో నిబంధన సార్."

పరాంకుశం గారికి ఆ నిబంధన గుర్తులేదు. తాను రాసిన నిబంధన తనకు తెలియదనడం మర్యాద కాదని, తెలిసినట్టు తల పంకించారు. మంగాయమ్మ వాయ దించి ప్లేటు పట్టుకొచ్చింది. ఆయన పరీక్షార్థం రెండు తిన్నారు. తర్వాత పరీక్షార్థం ఇంకో అయిదు తిన్నారు.

ఆ నెలలోనే ఆయన నివేదిక పైకి వెళ్ళింది. కోటిలంక నమూనాను ఆర్థిక శాఖ కూడా కాదనలేకపోయింది, ఎందుకంటే రోజుకు వెయ్యి మంది వచ్చే ప్రభుత్వ కార్యాలయం వాళ్ళెన్నడూ చూసి ఎరగరు. మండలిని ఎత్తేసే ఫైలు మూసేసి, దాన్ని శాశ్వతం చేస్తూ ఉత్తర్వులిచ్చారు. కోటిలంక కేంద్రం విజయానికి కారణాలేమిటో అధ్యయనం చెయ్యడానికి వచ్చినవాళ్ళు చాలా నిజాయితీగా చూసి, చాలా నిజాయితీగా రాశారు: మిగతా కేంద్రాలలో లేనిది, ఇక్కడ ఉన్నది, గొలుసుతో కట్టిన ఒక గ్రైండరు. కనుక ప్రతి కేంద్రంలోనూ ఒక గ్రైండరును గొలుసుతో కట్టవలసిందిగా ఆదేశాలు వెలువడ్డాయి.

గ్రైండర్ల ఆర్డరు వీర్రాజుకే వచ్చింది. "ఇన్ని తీసుకుంటున్నాం కదా, ఎంత తగ్గిస్తారు?" అని మండలి అధికారి అడిగాడు.

"తగ్గిత్తే మీరే ధ్రువీకరించుకోవాలి కదండి. ఎప్పటికయ్యేను?" అన్నాడు వీర్రాజు వినయంగా. "మీకా ఇబ్బంది లేకుండా, ధర మీద ఇరవై పెంచి, దాని మీద ఇంకో ఇరవై పెంచుతాను."

అధికారి సర్క్యులర్లన్నీ తిరగేశాడు. పెంపు శాతం గురించి ఎక్కడా ఒక్క ముక్క లేదు. బిల్లు ఆ రోజే పాసయింది.

మంగాయమ్మ చెయ్యి నయమైంది. ఇద్దరు ఆడమనుషుల్ని పనికి పెట్టుకుంది. సూరిబాబు ఆటోకు కొత్త టాపు వేయించాడు. ఒకరోజు వాయల హడావిడి తగ్గాక సర్వోత్తమరావు గారు నవ్వుతూ వరండాలోకి వచ్చారు. చేతిలో ముద్రలున్న పెద్ద కాగితం.

"మంగాయమ్మగారూ, వచ్చేసింది. మీ గ్రైండరు మీద ముప్పై ఎనిమిది శాతం రాయితీ ధ్రువీకరించారు. గొలుసు తీసేస్తాను. ఇంటికి పట్టుకుపోవచ్చు."

మంగాయమ్మ చేతిలో గరిటె ఆగిపోయింది. హాలు వంక చూసింది. వరండా వంక చూసింది. గేటు దాటి రోడ్డు దాకా ఉన్న వరస వంక చూసింది.

"ఇంటికి పట్టుకుపోయి ఏం చేసుకోనండి?" అంది. "బేరమంతా ఇక్కడుంది. కరెంటు మీది. కుళాయి మీది. గొలుసు తీసేత్తే నేను ఏ హక్కుమీద ఇక్కడుంటానండి?"

సర్వోత్తమరావు గారి నవ్వు మెల్లగా తగ్గిపోయింది. గ్రైండరు వెళ్ళిపోతే తన పొద్దుటి పూట ఏమవుతుందో ఆయనకూ అప్పుడే తట్టింది.

"ఏం చేద్దామంటారు?" అన్నారు.

మంగాయమ్మ స్టూలు జరిపి, కొంగుతో తుడిచి, ఆయన్ని కూచోమంది. వేడి వేడి ప్లేటు ముందు పెట్టింది.

"తినండి సార్. తిన్నాక నిదానంగా ఆలోచించి, ఇంకేదైనా అభ్యంతరం రాసి పెట్టండి."

ఆయన తిన్నారు. చెయ్యి కడుక్కున్నారు. జేబులోంచి కలం తీసి, ధ్రువపత్రాన్ని మోకాలి మీద పరుచుకుని, ఇన్నేళ్ళ సర్వీసులో మొదటిసారి ఎంతో సంతోషంగా రాశారు: "సదరు వస్తువు 'వెట్ గ్రైండరు', అనగా తడి గ్రైండరు అని ఉన్నది. పేర్కొన్న ధర, అది తడిగా ఉన్నప్పటిదా, పొడిగా ఉన్నప్పటిదా స్పష్టము కానందున, పునఃపరిశీలన నిమిత్తము తిప్పి పంపడమైనది."